తూర్పు ఆఫ్రికా వార్తా కెమెరామన్ జీవితం రాయాలంటే సౌండ్ రికార్డిస్టును ఎక్కడ నిలపాలి?

ప్రశ్న – మెహిదీపట్నం విద్యార్థిని

నమస్కారం. నేను హైదరాబాదులో దృశ్య మాధ్యమాల కోర్సు చివరి సంవత్సరం చదువుతున్నాను. వార్తా ఛాయాగ్రహణం మీద రాయవలసిన దీర్ఘ వ్యాసానికి కెన్యాకు చెందిన మొహమ్మద్ అమీన్ వృత్తి జీవితాన్ని తీసుకున్నాను. 1984 అక్టోబరులో ఇథియోపియాలోని కోరెమ్ శిబిరంలో ఆయన తీసిన కరవు దృశ్యాలు బీబీసీలో మైఖేల్ బర్క్ కథనంగా ప్రసారమై, ఆ తరువాత నాలుగు వందలకు పైగా టీవీ సంస్థల ద్వారా ప్రపంచమంతటా కనిపించిన సంగతి మీలో చాలామందికి తెలిసే ఉంటుంది.

రాస్తూ పోతుంటే ఒక చిక్కు వచ్చింది. అమీన్ గురించి నేను చదివిన రచనల్లో ఆయన ధైర్యం, పరిచయాలు, వేగం ధారాళంగా కనిపిస్తాయి గాని, పక్కన మైకు పట్టుకుని నిలబడినవారు ఒక్క వాక్యంలో వచ్చి వెళ్లిపోతారు. 1991లో ఇథియోపియా రాజధాని అడిస్ అబాబాలో జరిగిన పేలుడులో మరణించిన సౌండ్ రికార్డిస్టు జాన్ మథాయ్ పేరు చాలాచోట్ల ఉంది. అయితే అది అదే పేలుడులో అమీన్ చేయి పోయిన సంగతికి ముందో వెనకో తగిలించిన ముక్కగానే ఉంది. సౌండ్ విషయం అనుబంధంలో రెండు పేరాలు పెడితే సరిపోతుందని మా గైడు గారి అభిప్రాయం. నాకు అలా తోచడం లేదు, కానీ ఎందుకు తోచడం లేదో ఆయనకు నచ్చజెప్పేంత సరుకు నా దగ్గర లేదు.

ఆ రోజుల్లో తూర్పు ఆఫ్రికాలో కెమెరా, సౌండ్ నిజంగా రెండు వేరు వృత్తులేనా? వార్తా ఏజెన్సీ దృశ్యాల మీద ఎలాగూ ఎవరో ఒకరి వ్యాఖ్యానం పడుతుంది కదా, అటువంటప్పుడు అక్కడ సౌండ్ మనిషి చేసే పని ఏమిటి? తోలిచౌకిలో ఉండే ఒక కెన్యా విద్యార్థి, ఇప్పుడు తమ వైపు రెండు పనులూ తెలిసినవారినే పిలుస్తున్నారని చెప్పడంతో నా సందేహం ఇంకా పెరిగింది. అనుభవజ్ఞులు వివరంగా చెప్పగలరని ఆశిస్తున్నాను.

సమాధానం – రామంతాపూర్ పాత కెమెరా

మీ ప్రశ్నకు సమాధానం పనిముట్లలో ఉంది కాబట్టి అక్కడి నుంచే మొదలుపెడతాను. నేను కొన్ని దశాబ్దాలు ఇక్కడి టీవీ వార్తల్లో కెమెరా పట్టి విశ్రాంతి తీసుకున్నవాణ్ణి. అమీన్ వాడినటువంటి యంత్రాలనే మేమూ ఇక్కడ కాస్త ఆలస్యంగా వాడాము.

అమీన్ 1943లో నైరోబీలో, ఈస్ట్‌లీ ప్రాంతంలో, పంజాబు మూలాలున్న రైల్వే ఉద్యోగి కుటుంబంలో పుట్టి, ఇప్పటి టాంజానియాలోని దార్ ఎస్ సలామ్‌లో పెరిగాడు. బడిలో ఉండగానే ఒక బాక్స్ కెమెరా సంపాదించి, 1963 నాటికి, అంటే ఇరవై ఏళ్లకే, కెమెరాపిక్స్ అనే సొంత సంస్థ పెట్టాడు. మరుసటి ఏడు జనవరిలో, ఇప్పుడు టాంజానియాలో భాగమైన జాంజిబార్ దీవిలో సుల్తాను ప్రభుత్వం కూలిపోయిన తిరుగుబాటును చిత్రించాడు. 1966లో అదే జాంజిబార్‌లో నెల రోజుల దరిదాపు జైల్లో ఉండి, టాంజానియా నుంచి బహిష్కరణకు గురై, మకాం నైరోబీకి మార్చాడు. 1969 జూలై 5న కెన్యా మంత్రి టామ్ ఎంబోయాను నైరోబీ నడివీధిలో కాల్చి చంపినప్పుడు ఆయన తీసిన ఫిల్ముకు బ్రిటన్‌లో ఆ ఏటి ఉత్తమ కెమెరామన్ గౌరవం దక్కింది. ఈ దశలో సౌండ్ మనిషి లేకపోవడం వింతేమీ కాదు. ఆనాటి వార్తా కెమెరామన్ చేతిలో ఉండేది చాలావరకు కీ ఇచ్చి తిప్పే 16 మిల్లీమీటర్ల కెమెరా. ఒకసారి కీ ఇస్తే అర నిమిషం లోపే ఆగిపోతుంది. వంద అడుగుల ఫిల్ము మూడు నిమిషాలైనా రాదు. శబ్దం సంగతి దానికి పట్టదు. తీసిన ఫిల్మును కడగకుండానే విమానం ఎక్కే ప్రయాణికుడి చేతికి ఇచ్చి లండన్ పంపేవారు, అక్కడ గుంపు రొదో తుపాకి మోతో లైబ్రరీ టేపుల్లోంచి తీసి దానికి అతికించడం మామూలే. కాబట్టి అమీన్ తొలి పదేళ్ల కథను ఒంటరి మనిషి కథగా రాస్తే తప్పు లేదు.

తరువాత ఫిల్ము అంచునే సన్నని అయస్కాంత పట్టీ ఉన్న 16 మిల్లీమీటర్ల ఫిల్ము వచ్చింది. దీంట్లో ఒక పేచీ ఉంది. కెమెరాలో బొమ్మ పడే కిటికీ, శబ్దం నమోదయ్యే హెడ్డు ఒకే చోట ఉండలేవు గనుక, శబ్దం బొమ్మకంటే 28 ఫ్రేములు ముందు పడుతుంది. అంటే సెకనుకు కాస్త ఎక్కువ. ఎడిటరు బొమ్మ చూసి కోస్తే మాట మొదలు తెగిపోతుంది, మాట విని కోస్తే ఆ సెకనుపాటు నోరు ఊరికే ఆడుతున్న మనిషి కనిపిస్తాడు. ఈ బాధ తప్పించాలంటే కెమెరాకు దూరంగా, నాగ్రా వంటి విడి టేపు రికార్డరు మీద శబ్దాన్ని పట్టాలి, రెండు యంత్రాల వేగాన్ని క్వార్ట్జ్ స్ఫటికంతోనో పైలట్ సంకేతంతోనో కలిపి ఉంచాలి. అది ఒక్కడి వల్ల అయ్యే పని కాదు. వార్తా బృందంలో రెండో మనిషికి స్థిరమైన స్థానం వచ్చింది ఇక్కడే.

డెబ్బయ్యో దశకం చివర యూమాటిక్ అనే వీడియో కేసెట్టు టేపులు రావడంతో ఆ బంధం ఇంకా బిగుసుకుంది. కెమెరా నా భుజం మీద, టేపు తిరిగే డెక్కు సౌండ్ అసిస్టెంటు భుజాన, మధ్యలో లావుపాటి కేబులు. బొమ్మ కూడా ఆ కేబులు గుండా అతని డెక్కులోకే వెళ్లేది. పోర్టబుల్ కేసెట్టు నిడివి ఇరవై నిమిషాలు. టేపు ఎంత మిగిలింది, బ్యాటరీ ఎంత ఉంది, హెడ్డు మీద దుమ్ము పట్టిందా అన్నవి అతనికే తెలుస్తాయి, వ్యూఫైండరులో కన్ను పెట్టిన నాకు తెలియవు. ఒకే కాడికి కట్టిన జోడెడ్లలా నడిచేవాళ్లం, ఒకరు పరుగెత్తితే రెండోవారు పరుగెత్తక తప్పదు. 1990 మే తుపాను తరువాత మచిలీపట్నం వైపు వెళ్లినప్పుడు, ఉప్పు తేమకు డెక్కులో తేమను హెచ్చరించే 'డ్యూ' దీపం వెలిగింది. అది వెలిగినంతసేపు డ్రమ్ము తిరగదు, ఎంత నొక్కినా టేపు కదలదు. నేను కెమెరా భుజాన వేసుకుని కూలిన తాటాకు ఇళ్లను చూస్తూ ఊరికే నిలబడ్డాను. మా సౌండ్ మనిషి డెక్కు మూత తీసి, పొడి తువ్వాలు కప్పి, జీపు ఇంజను వెచ్చదనానికి దగ్గరగా ఒళ్లో పెట్టుకు కూర్చున్నాడు. ఆ రోజు రాత్రి బులెటిన్‌లో వచ్చిన దృశ్యాలకు తెర మీద నా పేరు పడింది.

అమీన్‌కు నేను తక్కువ చేయడం లేదు. కోరెమ్‌కు వెళ్లే అనుమతి సంపాదించడమే ఒక విద్య. 1984 సెప్టెంబరులో ఇథియోపియా పాలకుడు మెంగిస్టు ప్రభుత్వం విప్లవ దశవార్షికోత్సవాల్లో మునిగి ఉండి, ఆ దేశపు ఉత్తర ప్రాంతానికి విలేకరులను పోనివ్వలేదు. అధికారులతో ఏళ్ల తరబడి ఆయన పెంచుకున్న పరిచయాలు అక్టోబరులో ఆ తలుపు తీయించాయి. ఆ పైన దృశ్యం ముందు చేయి వణకకుండా నిలబెట్టి, తొందర లేకుండా ఒక్కొక్క ముఖం మీదుగా కెమెరాను నడిపించిన నిగ్రహం ఆయనదే. అది ఎవరూ పంచుకోలేని ప్రతిభ అని నా నమ్మకం.

సమాధానం – కృష్ణానగర్ బూమ్

పై పెద్దాయన యంత్రాల సంగతి చాలా చక్కగా చెప్పారు. ఆ చివరి మాట దగ్గర మాత్రం నాకు అభ్యంతరం ఉంది. నేను సినిమాల్లోనూ డాక్యుమెంటరీల్లోనూ లొకేషన్ సౌండ్ చేస్తాను.

ఏజెన్సీ దృశ్యాల మీద వ్యాఖ్యానం పడుతుంది కదా, మరి సౌండ్ ఎందుకు అని అడిగారు. వ్యాఖ్యానం పడుతుంది కాబట్టే కావాలి. అమీన్ సరఫరా చేసిన విస్‌న్యూస్ లండన్‌లోని టోకు వార్తా సంస్థ. (1992లో అది రాయిటర్స్ టెలివిజన్ అయింది.) అది పంపే దృశ్యాన్ని జపాను వారు జపానీలో, బ్రెజిలు వారు పోర్చుగీసులో చెప్పుకుంటారు. ఇంగ్లీషులో విలేకరి మాట్లాడిన ముక్క వాళ్లకు పనికిరాదు. అన్ని దేశాలకూ ఒకేలా పనికొచ్చేవి రెండే: బొమ్మ, ఆ చోటి సహజ ధ్వని. మా భాషలో దీన్ని యాంబియెన్స్ అంటాం. అది శుభ్రంగా లేకపోతే కొన్న ప్రతివాడూ దాన్ని మూసేసి తన గొంతు ఒక్కటే వినిపిస్తాడు, అప్పుడు ఎంత గొప్ప బొమ్మ అయినా వెనక గోడకు తగిలించిన పటం లాంటిదే అవుతుంది. కోరెమ్ కథనాన్ని మరోసారి పెట్టుకుని, బర్క్ మాట ఆపిన చోట్ల ఏమి వినిపిస్తోందో గమనించండి. ఆ విరామాల్లో శిబిరం శబ్దం నిలబడింది గనుకనే ఆయన మాట ఆపగలిగారు. మాట ఎక్కడ ఆపాలో తెలిసిన విలేకరి, ఆపినప్పుడు వినిపించడానికి సరుకు ఉన్న ట్రాకు, రెండూ కలిసిన కథనం అది.

మన హైదరాబాదు సెట్ల మీద ఈ సంగతి అర్థం కావడం కష్టం. మనకు డబ్బింగు అలవాటు. జనరేటరు వ్యాను మోగుతున్నా, పక్క ఫ్లోరులో పాట నడుస్తున్నా, పైలట్ ట్రాకు (డబ్బింగుకు దారి చూపే కచ్చా శబ్దం) పట్టేసి మిగతాది డబ్బింగు థియేటర్లో చూసుకుందామంటాం. వార్తల్లో ఆ థియేటరు లేదు. ఎదుట ఉన్న క్షణం దాటితే ఆ ధ్వని మళ్లీ రాదు. అందువల్ల అక్కడి సౌండ్ మనిషి నిరంతరం ఎంపికలు చేస్తూ ఉంటాడు. తుపాకి గొట్టంలా పొడుగ్గా ఉండే షాట్‌గన్ మైకును ఏ ముఖం వైపు తిప్పాలి, గాలి రొదను తెచ్చే తక్కువ పౌనఃపున్యాలను ఎంత కోయాలి, ఏడుస్తున్న మనిషికి ఎంత దూరంలో ఆగాలి అన్నవి కెమెరామన్ అతనికి చెప్పే విషయాలు కావు. కెమెరామన్‌కు అప్పుడు చెప్పేంత తీరిక ఉండదు.

ఇంకొకటి ఉంది, ఇది ప్రమాదానికి సంబంధించింది. కెమెరామన్ ఒక కన్ను వ్యూఫైండరుకు అప్పగిస్తాడు, రెండోది తెరిచే ఉంచినా కుడివైపును భుజం మీది కెమెరా కప్పేస్తుంది. గుంపులో వెనక్కి నడుస్తూ తీసేటప్పుడు అతని నడుము బెల్టు పట్టుకుని దారి చూపేది సౌండ్ మనిషి. వెనక రాయి ఉందా, కాలవ ఉందా, ఎవరైనా కర్ర ఎత్తారా అన్నది అతనే చూడాలి. అయితే అతని చెవులు మాత్రం హెడ్‌ఫోన్లలో ఉంటాయి, మైకు ఎటు తిరిగి ఉంటే అటే వింటాడు, తన పక్కనే పడిన అడుగు అతనికి వినిపించదు. ఒకడికి చూపు సగం, రెండోవాడికి వినికిడి సగం. ఇద్దరూ కలిస్తేనే ఒక మనిషికి ఉండవలసిన జాగ్రత్త పూర్తవుతుంది.

ఇది తెలిసి చదివితే 1991 జూన్ నాటి సంగతి వేరుగా కనిపిస్తుంది. మే నెలాఖరులో మెంగిస్టు ప్రభుత్వం కూలి, తిరుగుబాటు సేనలు అడిస్ అబాబాలోకి వచ్చాయి. జూన్ 4న నగరంలో ఒక ఆయుధాగారం పేలింది. పేలుడు చిత్రించడానికి వెళ్లిన బృందాన్ని తరువాతి పేలుడు చుట్టేసింది. జాన్ మథాయ్ చనిపోయారు, అమీన్ ఎడమ చేయి పోయింది. మథాయ్ అక్కడ ఉన్నది సహాయానికో సామాను మోయడానికో కాదు. కెమెరా ఎంత దగ్గరకు వెళ్తే మైకు అంత దగ్గరకు వెళ్లాలి గనుక ఉన్నారు. అమీన్ కృత్రిమ చేయి అమర్చుకుని మళ్లీ కెమెరా పట్టారని అందరూ రాస్తారు, రాయవలసిందే. ఆ వాక్యానికి ముందు మథాయ్‌కు ఒక పూర్తి పేరా ఉండాలని నా వాదన.

1993 జూలై 12న సోమాలియా రాజధాని మొగదీషులో జరిగింది కూడా మీ వ్యాసంలోకి రావాలి. అమెరికా హెలికాప్టర్లు ఒక ఇంటి మీద దాడి చేసి చాలామందిని చంపిన తరువాత, ఆ చోటును చిత్రించడానికి నైరోబీ నుంచి వచ్చిన విలేకరుల బృందం వెళ్లింది. కోపంతో ఉన్న గుంపు వారి మీద పడింది. రాయిటర్స్ ఫొటోగ్రాఫర్లు డాన్ ఎల్డన్, హోస్ మైనా, అసోసియేటెడ్ ప్రెస్ వార్తా సంస్థ ఫొటోగ్రాఫర్ హాన్సి క్రాస్, రాయిటర్స్ సౌండ్ టెక్నీషియన్ ఆంథొనీ మచారియా, ఈ నలుగురూ చనిపోయారు. కెమెరామన్ మొహమ్మద్ షఫీ తీవ్రంగా గాయపడి బయటపడ్డారు. మచారియాకు అప్పటికి ఇరవైల తొలినాళ్లు. ఎల్డన్ చిత్రాలు, డైరీలు పుస్తకాలయ్యాయి, ప్రదర్శనలు జరిగాయి. అది న్యాయమే. మచారియా పట్టిన ధ్వనుల మీద మాత్రం ఎక్కడా పేరు ఉండదు. ఫొటోకు కింద పేరు వేసే ఆచారం ఉంది, ట్రాకుకు లేదు. చరిత్ర ఇలా ఒకవైపు ఒరిగిపోవడానికి మొదటి కారణం ఈ ఆచారమేనని నేను అనుకుంటున్నాను.

సమాధానం – తార్నాక పాఠకుడు

ఆచారం ఒక్కటే కాదు, చర్మ వర్ణం కూడా ఉంది. నాది సాంకేతిక రంగం కాదు, తూర్పు ఆఫ్రికా చరిత్ర చదివేవాణ్ణి.

నైరోబీలో కెమెరా ఎవరి చేతిలో ఉండేదో చూడండి. 1896కూ 1901కీ మధ్య మొంబాసా నుంచి విక్టోరియా సరస్సు దాకా వేసిన రైలు మార్గానికి బ్రిటిషువారు భారతదేశం నుంచి ముప్పై వేలకు పైగా కూలీలను, చేతిపనివారిని తీసుకువెళ్లారు, వారిలో ఎక్కువమంది పంజాబీలు. చాలామంది తిరిగి వచ్చేసినా, ఉండిపోయినవారి చుట్టూ, తరువాత వచ్చిన వ్యాపారుల, ఉద్యోగుల చుట్టూ ఒక మధ్యతరగతి ఏర్పడింది. పైన యూరోపియన్లు, నడుమ ఆసియావారు, అడుగున ఆఫ్రికన్లు అన్నది వలసకాలపు అమరిక. ఫొటో స్టూడియోలు, కెమెరా దుకాణాలు సహజంగానే ఆ నడిమి అంతస్తు చేతికి వచ్చాయి. అమీన్ ఆ అంతస్తు నుంచి వచ్చినవాడే. ఆయనకంటే ముందుతరం వార్తా కెమెరామన్ మొహిందర్ ధిల్లాన్ కూడా అంతే. ఆయన పంజాబులో 1931లో పుట్టి, 1947లో కెన్యా చేరి, నైరోబీలోని ఒక ఫొటో స్టూడియోలో పని నేర్చుకుని, ఆఫ్రికాపిక్స్ సంస్థను నడిపి, ఏడెన్, వియత్నాం యుద్ధాలు చిత్రించి, 2020లో మరణించారు. మథాయ్, మచారియా ఆఫ్రికన్ కెన్యన్లు. హోస్ మైనా వంటి ఆఫ్రికన్ ఫొటోగ్రాఫర్లు ఎదిగి వస్తున్న కాలమే అయినా, వార్తా బృందంలో ఎవరి భుజాన కెమెరా, ఎవరి భుజాన డెక్కు అన్న దాని మీద పాత అమరిక నీడ ఉందని ఈ ఉదాహరణల్లోంచి నాకు కనిపిస్తోంది. మీ వ్యాసంలో ఈ సంగతిని నేరారోపణలా కాక, నేపథ్యంగా చెప్పండి. అమీన్ వ్యక్తిగా ఎవరినీ తొక్కాడని దీని అర్థం కాదు. తానూ ఆ మెట్ల మధ్య చిక్కుకున్నవాడే. 1972లో ఉగాండా పాలకుడు ఇడి అమీన్ అక్కడి ఆసియావారికి తొంభై రోజుల గడువిచ్చి వెళ్లగొట్టినప్పుడు, ఆ సంఘటనను చిత్రించిన మొహమ్మద్ అమీన్ స్వయంగా ఆసియా సంతతివాడన్న సంగతి మరవకూడదు.

నైరోబీయే ఎందుకన్నదానికి కూడా ఒక పేరా కేటాయించండి. చుట్టుపక్కల దేశాలతో పోలిస్తే కుదురుగా ఉన్న రాజధాని, నలువైపులా విమానాలు, 1970లో రిఫ్ట్ లోయలోని లొంగొనోట్ వద్ద తెరిచిన ఉపగ్రహ భూకేంద్రం, ఇవన్నీ కలిసి విదేశీ ఏజెన్సీలను అక్కడ మకాం వేయించాయి. ఏజెన్సీ లండన్ నుంచి బృందాన్ని పంపడం కంటే స్థానికంగా సొంత పరికరాలున్న సంస్థతో పని చేయించుకోవడం చవక. కెమెరాపిక్స్ ఆ అవసరం మీద నిలబడిన వ్యాపారం. అమీన్ ఒకే సంఘటనను స్టిల్ కెమెరాతోనూ మూవీ కెమెరాతోనూ తీసి, పత్రికలకూ టీవీలకూ వేరువేరుగా ఇచ్చేవాడు, పైగా పుస్తకాలు ప్రచురించేవాడు. సంస్థ యజమాని ఆయనే కాబట్టి పేరు ఆయనది, జీతం మీద ఉన్న సౌండ్ టెక్నీషియన్ పని సంస్థ ఖాతాలో కలిసిపోయింది. అది కుట్ర కాదు, వ్యాపారపు లెక్క.

కరవు విషయంలో ఒక జాగ్రత్త చెప్పాలి. చాలా రచనలు ఆ దృశ్యాల తరువాత కరవు బాధితుల కోసం జరిగిన 1985 జూలై 13 నాటి లైవ్ ఎయిడ్ కచేరీకి, విరాళాల వెల్లువకు నేరుగా దూకేస్తాయి. వానలు లేకపోవడం ఒక కారణమైతే, ఉత్తరాన టిగ్రే, ఎరిత్రియాల్లో సాగుతున్న యుద్ధమూ ప్రభుత్వ విధానాలూ ఆ కరవును అంత ఘోరంగా మార్చాయి. దృశ్యంలో ఆకలి కనిపిస్తుంది, యుద్ధం కనిపించదు. కెమెరా చూపించలేనిదాన్ని మాట చెప్పాలి, మాట కూడా చెప్పకపోతే ప్రేక్షకుడికి అది ప్రకృతి వైపరీత్యంగా మిగిలిపోతుంది. అమీన్‌ను పొగుడుతూనే ఈ పరిమితిని రాయవచ్చు.

ఆయన మరణం గురించి మీరు తప్పక రాస్తారు గనుక ఒక వివరం. 1996 నవంబరు 23న హైజాకై, ఇంధనం అయిపోయి కొమొరోస్ దీవుల తీరంలో సముద్రంలో పడిన ఇథియోపియన్ ఎయిర్‌లైన్స్ 961 విమానం ఆ యాత్రను మొదలుపెట్టింది మన బొంబాయి నుంచే. అడిస్ అబాబా నుంచి నైరోబీ వెళ్తుండగా హైజాక్ జరిగింది. విమానంలో ఉన్న 175 మందిలో 125 మంది చనిపోయారు, వారిలో అమీన్, ఆయన రచయిత మిత్రుడు బ్రయన్ టెట్లీ ఉన్నారు. విమానం నీళ్లను తాకి విరిగిపోయిన దృశ్యం ప్రపంచమంతా చూసింది. దాన్ని తీసింది ఏ వార్తా బృందమూ కాదు, బీచిలో ఉన్న ఒక విహారయాత్రికుల వీడియో కెమెరా.

ప్రశ్న అడిగినవారి స్పందన – మెహిదీపట్నం విద్యార్థిని

మీ ముగ్గురికీ కృతజ్ఞతలు. ఏజెన్సీ దృశ్యానికి సహజ ధ్వనే అన్ని భాషల్లోనూ చెల్లే భాగమన్న మాట నాకు అసలు తట్టలేదు, వ్యాసానికి అదే ఆధారంగా తీసుకుంటాను. ఒక సందేహం మిగిలింది. ఇప్పుడు రెండు పనులూ ఒకరే చేస్తున్నారంటే, ఆ రెండో మనిషి చరిత్రలో కొద్దికాలం మాత్రమే ఉన్నాడని అర్థమా? అలాగైతే మా గైడు గారి వాదనకే బలం చేకూరదా?

సమాధానం – కృష్ణానగర్ బూమ్

చేకూరదు. కొద్దికాలం కాదు, అమీన్ వృత్తిలో అతి ముఖ్యమైన సగం అది. 1982లో కెమెరాలోనే టేపు తిరిగే బీటాకామ్ రావడంతో డెక్కు మోసే అవసరం క్రమంగా తగ్గింది. అయినా మిక్సరు, బూమ్ (మైకు తగిలించే పొడవాటి కర్ర) సౌండ్ మనిషి దగ్గరే ఉన్నాయి, ఆ మిక్సరు నుంచి కెమెరాకు కేబులూ ఉంది. 1991లో మథాయ్, 1993లో మచారియా రంగంలో ఉన్నది ఈ బీటాకామ్ కాలంలోనే. కేబులు సన్నబడింది గాని తెగలేదు. తొంభయ్యో దశకం చివర చిన్న డిజిటల్ కెమెరాలు వచ్చాక ఖర్చు చూసుకునేవారు దాన్ని తెంచేశారు. కెమెరా మీద ఒక చిన్న మైకు బిగించి, ఒక వైర్‌లెస్ మైకు చొక్కాకు తగిలించి, ఒక్కరినే పంపడం మొదలైంది. నైరోబీలోనూ అంతే, ఇక్కడ మన చానళ్లలోనూ అంతే. మీ కెన్యా మిత్రుడు చెప్పింది నిజమే.

కానీ రెండు పనులూ ఒకరే చేయడం వేరు, రెండు పనులూ ఒకేసారి సరిగా చేయగలగడం వేరు. ఒంటరిగా వెళ్లినవాడు బొమ్మనే కాపాడుకుంటాడు. ఆటోమేటిక్ స్థాయి మీద వదిలేసిన ధ్వని నిశ్శబ్దంలో పొంగి, కేకలో అణిగిపోతుంది. పాత కథనాలనూ ఈనాటి ఒంటరి విలేకరుల కథనాలనూ పక్కపక్కన పెట్టి, వ్యాఖ్యానం ఎంతసేపు ఆగకుండా నడుస్తోందో లెక్క కట్టండి. ఇప్పటివారు మాట ఆపడానికి జంకుతారు. కింద ట్రాకు లేదు కాబట్టి జంకుతారు. మీ వాదనకు ఇది కొలిచి చూపగల ఆధారం.

వ్యాసాన్ని అమీన్ మీదే ఉంచండి, శీర్షిక మార్చవద్దు. అధ్యాయాలను మాత్రం పురస్కారాల వరుసలో కాక, పెద్దాయన చెప్పినట్టు పనిముట్ల వరుసలో కట్టండి: కీ కెమెరా రోజుల్లో ఆయన ఒక్కడు, కేబులు రోజుల్లో ఇద్దరు. కాలపట్టికలో 1991 దగ్గర మథాయ్ మరణాన్ని, అమీన్ గాయాన్ని రెండు వేరు నమోదులుగా వేయండి. మచారియాను అమీన్ జీవిత కథలోకి బలవంతంగా ఇరికించకండి, అదే వృత్తిలో అదే నగరం నుంచి వెళ్లిన మరో ఉదాహరణగా చూపితే చాలు.

సమాధానం – రామంతాపూర్ పాత కెమెరా

కృష్ణానగర్ మిత్రుడి అభ్యంతరాన్ని ఒప్పుకోను గాని, ఆయన చెప్పిన అధ్యాయాల అమరిక బాగుంది. చేయి వణకకపోవడం కెమెరామన్‌దే అని ఇప్పటికీ అంటాను. ఆ నిమిషంలో టేపు తిరుగుతోందని అతనికి భరోసా ఇచ్చేది మరొకరని కూడా అంటాను, ఈ రెండింటికీ పేచీ లేదు.

వ్యాసంలో యూమాటిక్ గురించి రాసేముందు దాన్ని ఒకసారి చేత్తో పట్టుకోవడం మంచిది. నా దగ్గర పనిచేయని పోర్టబుల్ డెక్కు ఒకటి, పది అడుగుల కెమెరా కేబులు ఒకటి అటక మీద ఉన్నాయి. వీలైన ఏ ఆదివారమైనా ఒక స్నేహితురాలిని తోడు తీసుకుని రండి. ఒకరు డెక్కు, ఒకరు కెమెరా తగిలించుకుని మా వీధి చివరి కూరగాయల బండి దాకా నడిచి వెనక్కి వస్తే, నేను పైన రాసినదానిలో సగం మీకు అక్కర్లేదు.